మాటను బట్టి మనసును నిర్ణయించవచ్చునా? – ఇంద్రియ ప్రాతినిధ్య వ్యవస్థల సిద్ధాంతం: ప్రమాణ పరిశీలన

సంగ్రహం: మనిషి వాడే ఇంద్రియసూచక పదాలను బట్టి అతని ఆలోచనా విధానాన్ని గుర్తించవచ్చునని న్యూరో లింగ్విస్టిక్ ప్రోగ్రామింగ్ (ఎన్.ఎల్.పి.) ప్రతిపాదించింది. ఈ ప్రతిపాదనకు ప్రయోగాలలో లభించిన సాక్ష్యాన్ని, తెలుగు క్రియాపదాల సాక్ష్యాన్ని ఈ వ్యాసం పరిశీలిస్తుంది. చాలినంత ప్రమాణం లేకుండా మరొక మనిషికి ఒక వర్గం పేరు పెట్టడం జ్ఞానపరమైన పొరపాటు మాత్రమే కాదనీ, నైతిక దోషం కూడాననీ ప్రతిపాదిస్తుంది.

కీలక పదాలు: ప్రాతినిధ్య వ్యవస్థ, ఇంద్రియసూచక పదాలు, వ్యాప్తి, ఉపాధి, నమ్మకపు నైతికత, క్షేత్ర పరిశోధన.

1. ఉపోద్ఘాతం

మాటను బట్టి మనిషిని అంచనా వేయడం లోకంలో ఎప్పటినుంచో ఉన్నదే. సాహిత్య విద్యార్థికి అది నిత్యకృత్యం కూడా. పాత్ర మాట తీరును బట్టి స్వభావాన్ని, కవి పదాలను బట్టి దృష్టిని వివరించడం మన విమర్శకు అలవాటైన పని. ఆ అలవాటు ఎంతవరకు న్యాయమైనది అన్న ప్రశ్న నాకు పుస్తకాల వల్ల కాక, నా పొరపాటు వల్ల ఎదురైంది.

పరిశోధన మొదటి సంవత్సరంలో నాట్ల పాటలు పాడే ఒక వృద్ధురాలిని రెండుసార్లు కలిసి ఆమె మాటలు రికార్డు చేశాను. ఆ రోజుల్లోనే ఎన్.ఎల్.పి. గురించి చదివి ఉన్నాను. మొదటి సంభాషణ రాతప్రతిలో ఇంద్రియసూచక పదాలను లెక్కించాను. 'చెయ్యి తిరిగింది', 'పట్టు దొరికింది', 'నడుము పట్టేసింది', 'బరువు దిగింది' వంటి ప్రయోగాలే ఎక్కువగా కనిపించాయి. ఆమె 'స్పర్శ ప్రధాన వ్యక్తి' అని నా నోటు పుస్తకంలో రాసుకున్నాను. రెండోసారి వెళ్లినప్పుడు నా ప్రశ్నలన్నీ శరీరం గురించి, శ్రమ గురించి సాగాయి. చాలాకాలం తర్వాత ఆ రికార్డును మళ్లీ విన్నాను. పక్క సాలులో నాటు వేస్తున్న తల్లి గొంతు వింటూ పాటలు ఎలా నేర్చుకున్నదీ చెప్పడానికి ఆమె రెండుసార్లు మొదలుపెట్టారు. రెండుసార్లూ నేనే మాట మళ్లించి నా పట్టికకు సరిపోయే ప్రశ్న అడిగాను. ఆ ప్రశ్న మళ్లీ అడిగే అవకాశం రాలేదు. మరుసటి వేసవిలో ఆమె మరణించారు.

ఆ నష్టానికి కారణం ఒక సిద్ధాంతమా, దానిని నేను వాడిన తీరా? ఈ వ్యాసంలోని పరిశీలనకు మూలం ఈ ప్రశ్నే.

2. సిద్ధాంత పరిచయం

1970 దశకం తొలి సంవత్సరాలలో అమెరికాలోని కాలిఫోర్నియా విశ్వవిద్యాలయం, శాంటాక్రూజ్ ప్రాంగణంలో రిచర్డ్ బ్యాండ్లర్, జాన్ గ్రైండర్ ఎన్.ఎల్.పి.కి రూపకల్పన చేశారు. బ్యాండ్లర్ అప్పటికి విద్యార్థి. గ్రైండర్ భాషాశాస్త్ర అధ్యాపకుడు. ఫ్రిట్జ్ పెర్ల్స్, వర్జీనియా సెటైర్, మిల్టన్ ఎరిక్సన్ అనే ముగ్గురు ప్రసిద్ధ చికిత్సకుల పద్ధతులను గమనించి, వారి నైపుణ్యాన్ని ఇతరులకు నేర్పగల సూత్రాలుగా మార్చాలన్నది వారి సంకల్పం. 'ద స్ట్రక్చర్ ఆఫ్ మ్యాజిక్' రెండు సంపుటాలు 1975, 1976 సంవత్సరాలలో వెలువడ్డాయి. వారి శిక్షణ తరగతుల ప్రసంగాల ఆధారంగా 'ఫ్రాగ్స్ ఇంటూ ప్రిన్సెస్' 1979లో వచ్చింది.

ఈ సిద్ధాంతం ప్రకారం మనిషి తన అనుభవాన్ని లోపల ఇంద్రియ రూపాలలోనే నిలుపుకొంటాడు. దృశ్యం, శ్రవణం, స్పర్శ లేదా శారీరక సంవేదన వీటిలో ముఖ్యమైనవి. రుచి, వాసన కూడా ఉన్నా వాటికి తక్కువ ప్రాధాన్యం. ప్రతి వ్యక్తికీ వీటిలో ఒకటి ప్రధాన వ్యవస్థగా ఉంటుందనీ, దానిని రెండు బాహ్య చిహ్నాల ద్వారా గుర్తించవచ్చుననీ ప్రతిపాదించారు. మొదటిది వ్యక్తి వాడే ఇంద్రియసూచక పదాలు. రెండోది కంటి కదలికలు. కుడిచేతి వాటం గలవారు గుర్తున్న దృశ్యాన్ని తలచుకొనేటప్పుడు తమ ఎడమవైపు పైకి, కొత్తగా కల్పించుకొనేటప్పుడు కుడివైపు పైకి చూస్తారని వారి పటం చెప్పింది. ఎదుటివారి ప్రధాన వ్యవస్థకు తగిన పదాలతో మాట్లాడితే సాన్నిహిత్యం, విశ్వాసం పెరుగుతాయన్నది దీనికి ఆచరణ రూపం.

ఇందులో మూడు వేర్వేరు ప్రతిపాదనలు కలిసి ఉన్నాయి. ఒకటి, మనసులో ఇంద్రియ రూపాలు ఉంటాయి. రెండు, ఒక్కొక్కరిలో ఒక్కొక్కటి స్థిరంగా ప్రధానమై ఉంటుంది. మూడు, అది మాటలో, చూపులో బయటపడుతుంది. మొదటిదాన్ని ఒప్పుకొన్నంత మాత్రాన తక్కిన రెండూ రుజువు కావు. చర్చలో ఈ మూడింటినీ కలిపివేయడం వల్లనే చాలా గందరగోళం ఏర్పడింది.

3. ప్రయోగాల సాక్ష్యం

మొదటి ప్రతిపాదనకు బలమైన ఆధారాలే ఉన్నాయి. ఫ్రాన్సిస్ గాల్టన్ 1880లోనే ఉదయపు భోజనపు బల్లను మనసులో తలచుకొమ్మని పలువురిని అడిగి, కొందరికి చిత్రం స్పష్టంగా కనబడుతుందనీ కొందరికి అసలు కనబడదనీ నమోదు చేశాడు. మనసులో చిత్రం ఏర్పడని స్థితికి ఆడం జెమన్, ఆయన సహచరులు 2015లో 'అఫాంటేసియా' అని పేరు పెట్టారు. మనుషుల అంతరంగ దృశ్యాలలో తేడాలు నిజమే.

తక్కిన రెండు ప్రతిపాదనల స్థితి వేరు. పదాలు, కంటి కదలికలు, వ్యక్తి స్వయంగా చెప్పుకొన్న ప్రాధాన్యం అనే మూడు కొలతలు ఒకే ఫలితాన్ని ఇస్తాయా అని గమ్, వాకర్, డే 1982లో పరీక్షించారు. వాటి మధ్య పొంతన కుదరలేదు. ఒకే మనిషిని మూడు తూకాలు మూడు విధాలుగా చూపితే, తూచదగిన వస్తువు ఉన్నదా అన్న సందేహం సహజం. క్రిస్టఫర్ షార్ప్‌లీ 1984లో 15 అధ్యయనాలను, 1987లో 44 అధ్యయనాలను సమీక్షించి, ప్రధాన వ్యవస్థ అన్న భావనకు తగిన మద్దతు లేదని తేల్చాడు. అమెరికా జాతీయ పరిశోధన మండలి ఏర్పరచిన సంఘం 1988 నివేదికలో ఇటువంటి అభిప్రాయమే చెప్పింది. పోలండ్‌కు చెందిన తోమాష్ విట్కోవ్‌స్కీ 2010లో విశ్లేషణకు ఎంచుకొన్న 33 అధ్యయనాలలో 18.2 శాతం సిద్ధాంతాన్ని సమర్థించాయి, 54.5 శాతం సమర్థించలేదు, 27.3 శాతం అనిశ్చితంగా మిగిలాయి.

కంటి కదలికలను అబద్ధాన్ని పట్టే సాధనంగా వాడవచ్చునన్న ప్రచారాన్ని రిచర్డ్ వైజ్‌మన్, ఆయన సహచరులు 2012లో మూడు అధ్యయనాల ద్వారా పరీక్షించారు. నిజం చెప్పేవారికీ అబద్ధం చెప్పేవారికీ చూపు దిశలో తేడా కనిపించలేదు. ఈ పద్ధతి గురించి ముందుగా తెలిసినవారు అబద్ధాన్ని మెరుగ్గా పట్టుకోలేదు. అయితే కంటి కదలికలను అబద్ధంతో ముడిపెట్టింది తర్వాతి ప్రచారకులే గాని మూలకర్తలు కారు. ఆ భేదాన్ని గుర్తించడం న్యాయం.

పూర్వపక్షాన్ని కూడా వినాలి. ఐన్‌స్ప్రక్, ఫోర్మన్ 1985లో 39 అధ్యయనాలను పరిశీలించి, పరిశోధకులు ఎన్.ఎల్.పి.ని సరిగా అర్థం చేసుకోలేదనీ, తగిన శిక్షణ లేనివారు ప్రయోగాలు చేశారనీ ఆక్షేపించారు. ఈ ఆక్షేపణలో కొంత బలం ఉంది. చికిత్స గదిలోని సూక్ష్మ వ్యవహారం ప్రయోగశాలలో పూర్తిగా పట్టుబడకపోవచ్చు. కాని వ్యతిరేక ఫలితం వచ్చిన ప్రతిసారీ పరీక్షించినవారి అసమర్థతనే కారణంగా చూపితే, ఆ సిద్ధాంతం తప్పు కావడానికి ఎప్పటికీ వీలుండదు. షార్ప్‌లీ 1987 వ్యాసం లేవనెత్తిన ప్రశ్న కూడా అదే: సాక్ష్యం వ్యతిరేకంగా ఉన్నదా, లేక సిద్ధాంతమే పరీక్షకు అందనిదా?

అనుకూలంగా కనిపించే ఫలితాలకు వేరే వివరణ కూడా సాధ్యమే. సలహాదారు ఎదుటివారి ఇంద్రియసూచక పదాలకు తగినట్లు మాట్లాడితే సానుభూతి ఎక్కువగా ఉన్నట్లు తోస్తుందని హామర్ 1983 ప్రయోగంలో తేలింది. అయితే నెదర్లాండ్స్‌లో వాన్ బారెన్ బృందం 2003లో ప్రచురించిన అధ్యయనం ప్రకారం, వచ్చినవారు అడిగిన పదార్థాల పేర్లను ఉన్నవి ఉన్నట్లుగా తిరిగి చెప్పిన వడ్డన సిబ్బందికి ఎక్కువ బక్షీసు దక్కింది. అక్కడ దృశ్యమూ లేదు, స్పర్శా లేదు. మన మాటను మనకు తిరిగి వినిపించినవారిపై మనకు ఆదరం కలుగుతుంది. ఆ ఆదరానికి ప్రధాన వ్యవస్థ అనే కల్పన అవసరం లేదు.

4. తెలుగు క్రియల సాక్ష్యం

ఇంతవరకు చెప్పినది మనోవిజ్ఞానశాస్త్రం వారి పని. తెలుగు చదువుకున్నవారు చేర్చగల సాక్ష్యం మరొకటి ఉంది.

తెలుగులో ఆలోచనకు అతి సామాన్యమైన మాట 'అనుకొను'. 'అను' అనే వాక్కు క్రియకు 'కొను' చేరి, తనలో తాను అనడం ఆలోచించడమయింది. 'అనిపించు' కూడా 'అను' ధాతువు ప్రేరణార్థక రూపమే. ఎన్.ఎల్.పి. లెక్క ప్రకారం వీటిని శ్రవణ వర్గంలో చేర్చాలి. అప్పుడు తెలుగువారంతా శ్రవణ ప్రధానులు కావాలి.

'చూచు' సంగతి దీనికి తలకిందులు. 'తిని చూడు', 'విని చూడు', 'అడిగి చూడు', 'రాసి చూడు' అన్నప్పుడు ఆ క్రియ చూపును చెప్పడం లేదు, ప్రయత్నాన్ని చెబుతున్నది. రుచి చూస్తాము, వాసన చూస్తాము, వైద్యుడు నాడి చూస్తాడు. నాలుక, ముక్కు, వేళ్లు చేసే పనులన్నింటికీ ఒకే క్రియ. 'కనుగొను'లో 'కను' ఉన్నా, లెక్కలో తప్పు కనుగొన్నవాడు మనసులో బొమ్మ చూశాడని అర్థం కాదు. 'గ్రహించు'లో పట్టుకోవడం ఉంది. 'మాట వినడు' అంటే చెవి సమస్య కాదు, లోబడకపోవడం. 'చదువు వాసన లేదు' అన్నవాడు ముక్కుతో ఆలోచించడు.

ఇక్కడ ఒక ఉదాహరణ చాలు. పుట్టుకతో చూపు లేని తెలుగు వ్యక్తి కూడా 'అడిగి చూస్తాను' అనే అంటారు. పుట్టుకతో వినికిడి లేని వ్యక్తి తెలుగులో ఉత్తరం రాస్తూ 'రావాలని అనుకున్నాను' అనే రాస్తారు. ఆ మాటలు వారి ఇంద్రియాల నుంచి రాలేదు, వారి భాష నుంచి వచ్చాయి.

ఇది తెలుగుకే పరిమితం కాదు. ఇండో-యూరోపియన్ భాషలలో చూపును చెప్పే క్రియలు జ్ఞానాన్ని చెప్పే క్రియలుగా మారడాన్ని ఈవ్ స్వీట్సర్ 1990లో వివరించారు. ఆస్ట్రేలియా ఆదివాసీ భాషలలో వినికిడి క్రియలే తెలుసుకోవడాన్ని, ఆలోచించడాన్ని చెప్పే క్రియలుగా విస్తరిస్తాయని నికొలస్ ఎవాన్స్, డేవిడ్ విల్కిన్స్ 2000లో చూపారు. ఏ ఇంద్రియం జ్ఞానానికి రూపకమవుతుందన్నది భాషా సమాజం చరిత్రలో తేలిన విషయం. దానిని ఒక్కొక్క వ్యక్తి నాడీ స్వభావంగా చదవడం సరి కాదు.

వృత్తి భాష సంగతీ ఇంతే. నాటు వేసే మనిషి మాటలో చెయ్యి, నడుము, పట్టు, బరువు ఉండడం ఆ పని మాట్లాడే తీరు. నేను ఆమె మనసు అనుకొని లెక్కించింది ఆమె వృత్తిని.

5. వ్యాప్తి – ఉపాధి

ఈ దోషాన్ని న్యాయశాస్త్ర పరిభాషలో మరింత స్పష్టంగా చెప్పవచ్చు. ఇక్కడ వక్త పక్షం. ప్రధాన వ్యవస్థ సాధ్యం. ఇంద్రియసూచక పదం హేతువు. అనుమానం నిలవాలంటే హేతువు ఉన్న ప్రతిచోటా సాధ్యం ఉండి తీరాలి. అదే వ్యాప్తి. సాధ్యం లేనిచోట కూడా హేతువు కనిపిస్తే అది సవ్యభిచార హేతువు. చూపు లేనివారి 'చూస్తాను', వినికిడి లేనివారి 'అనుకున్నాను' ఈ వ్యభిచారానికి ప్రత్యక్ష నిదర్శనాలు.

ఉపాధి అన్న భావన దీనికి కారణాన్ని కూడా చెబుతుంది. నిప్పు ఉన్నచోటల్లా పొగ ఉంటుందని అనలేము. ఎర్రగా కాలిన ఇనుప ముద్దలో నిప్పు ఉన్నా పొగ ఉండదు. పొగకు తడి కట్టె కావాలి. ఆ తడి కట్టెతోడి కలయికే ఉపాధి. ప్రస్తుత విషయంలో ఉపాధి 'ఎంపికకు అవకాశం'. సమానార్థకమైన పలు మాటలు అందుబాటులో ఉండి, వక్త వాటిలో ఒకదానిని తనంతట తాను ఎన్నుకొంటే, ఆ మాట అతని మనసును కొంత సూచించవచ్చు. భాష గాని వృత్తి గాని ఒకే మాటను అందించినప్పుడు ఆ సూచన ఉండదు. పదాల లెక్కపట్టిక ఈ రెండు స్థితులనూ వేరు చేయలేదు.

6. నమ్మకం – నైతిక బాధ్యత

ఇక్కడ ఒక గట్టి వాదం ఎదురవుతుంది. సిద్ధాంతం నిజమా కాదా అన్నది అనవసరం, పనికి వస్తే చాలు అన్నది ఆ వాదం. బ్యాండ్లర్, గ్రైండర్ కూడా తాము సత్యాన్ని గాక ప్రయోజనాన్నే చూస్తామన్న వైఖరిని ప్రకటించారు. శిక్షణ పొందిన పలువురు తమకు మేలు జరిగిందని నిజాయితీగా చెబుతారు. వారి అనుభవాన్ని తోసిపుచ్చడం నా ఉద్దేశం కాదు.

డబ్ల్యు.కె. క్లిఫర్డ్ 1877లో 'నమ్మకపు నైతికత' గురించి రాస్తూ ఒక ఓడ యజమాని ఉదాహరణ ఇచ్చాడు. ఓడ పాతబడిందన్న అనుమానాన్ని అణచుకొని, అది క్షేమంగా చేరుతుందని నిజంగానే నమ్మి యజమాని ప్రయాణికులను ఎక్కించాడు. ఓడ మునిగితే అతడు దోషి. క్లిఫర్డ్ వాదనలో ముఖ్యమైన అంశం, ఓడ మునగకపోయినా అతడు దోషే. దోషం ఫలితంలో లేదు. పరీక్షించకుండా నమ్మడంలో, ఆ నమ్మకపు భారాన్ని ఇతరుల మీద మోపడంలో ఉంది.

విలియం జేమ్స్ 1896లో దీనికి సమాధానమిచ్చాడు. సాక్ష్యం తేల్చలేని, తప్పించుకోవడానికి వీలులేని, జీవితానికి ముఖ్యమైన నిర్ణయం ఎదురైనప్పుడు మనసు మొగ్గిన వైపు నమ్మే హక్కు మనిషికి ఉందన్నాడు. ఇది ఉదారమైన వాదమే. కాని ఒక వ్యక్తిని 'దృశ్య', 'శ్రవణ', 'స్పర్శ' వర్గాలలో ఒకదానిలో చేర్చడం తప్పనిసరి నిర్ణయం కాదు. ఏ వర్గంలోనూ చేర్చకుండా ఆ మనిషినే అడగవచ్చు. చెబితే వినవచ్చు. అడిగే దారి తెరిచి ఉన్నప్పుడు ఊహను నమ్మే హక్కును జేమ్స్ వాదం కూడా ఇవ్వదు.

'పనికి వస్తుంది' అన్నప్పుడు ఎవరికి అన్న ప్రశ్న కూడా అడగాలి. నా గురించి నేను పెట్టుకొన్న నమ్మకం తప్పయితే నష్టం ముందుగా నాది. ఇతరుల గురించి నేను పెట్టుకొన్న నమ్మకం తప్పయితే ఆ నష్టాన్ని భరించేది వారు. ఆ సంగతి వారికి తెలియను కూడా తెలియదు. నా నోటు పుస్తకంలో ఏమి రాశానో ఆ వృద్ధురాలికి తెలియదు. సంభాషణ మధ్యలో తన మాట ఎందుకు తెగిపోయిందో తెలియదు.

తరగతి గదిలోనూ ఇదే స్థితి. విద్యార్థులను చూసి నేర్చేవారు, విని నేర్చేవారు, చేసి నేర్చేవారు అని విభజించి, వర్గానికి తగిన బోధన చేస్తే మేలని విస్తృతంగా నమ్ముతారు. 2012లో డెకర్ బృందం జరిపిన సర్వేలో బ్రిటన్ ఉపాధ్యాయులలో 93 శాతం, నెదర్లాండ్స్ ఉపాధ్యాయులలో 96 శాతం ఈ నమ్మకాన్ని వ్యక్తం చేశారు. దీనిని నిరూపించగల ప్రయోగ సాక్ష్యం చాలినంత లేదని పాష్లర్, ఆయన సహచరులు 2008లోనే తేల్చారు. ఉపాధ్యాయుల సదుద్దేశాన్ని శంకించనవసరం లేదు. కాని 'నువ్వు విని నేర్చుకొనేవాడివి' అన్న మాట విన్న పిల్లవాడు పుస్తకం తనది కాదనుకొనే ప్రమాదం ఉంది. ఆదరంతో వేసిన ముద్ర కూడా ముద్రే.

7. సాహిత్య పరిశోధనకు అన్వయం

మన కావ్యశాస్త్రం దృశ్యం, శ్రవ్యం అనే విభజన చేసింది. అది కావ్యాలను విభజించింది, మనుషులను కాదు. నాటకం చూడదగినది, కావ్యం వినదగినది అనడంలో రచన స్వభావం, దానిని అందుకొనే మార్గం చెప్పబడ్డాయి. కవి మనస్తత్వం చెప్పబడలేదు. ఈ జాగ్రత్త మనకు మార్గదర్శకం కావాలి.

ఒక కావ్యంలో దృశ్య పదచిత్రాలు ఎక్కువగా ఉన్నాయనడం పాఠ్య వర్ణన. పాఠాన్ని చూపి నిరూపించవచ్చు. ఆ కవి దృశ్య రూపంలోనే ఆలోచిస్తాడనడం వ్యక్తి గురించిన తీర్పు. దానికి వేరే ప్రమాణం కావాలి. ఛందస్సు, సంప్రదాయం, వస్తువు, వృత్తి, ప్రాంతం అన్నీ పదాల ఎంపికను శాసిస్తాయి. వాటిని తీసివేసిన తర్వాత మిగిలేది ఎంతో చూడకుండా రెండో వాక్యం రాయకూడదు.

అనుమానం లేకుండా వ్యాఖ్యానం ఎలా సాధ్యమని అడగవచ్చు. సాధ్యం కాదు. అనుమానాన్ని విడిచిపెట్టాలని ఈ వ్యాసం చెప్పడం లేదు. తనకు వ్యతిరేకమైన మాట వచ్చినప్పుడు దిద్దుకొనే అనుమానం ఒకటి, ఆ మాటనే రానివ్వని అనుమానం మరొకటి. నాది రెండో రకం అయింది. పట్టికలో చోటు లేని జవాబుకు నా ప్రశ్నలలోనూ చోటు లేకపోయింది.

8. ముగింపు

మొదట వేసుకొన్న ప్రశ్నకు ఇప్పుడు సమాధానం చెప్పవచ్చు. సిద్ధాంతానికి ప్రమాణం చాలదు. అది దాని లోపం. ప్రమాణం చాలినదో లేదో చూడకుండా దానిని మరొక మనిషికి అన్వయించాను. అది నా లోపం. మొదటిది రెండోదానికి సాకు కాజాలదు. ఒకవేళ సిద్ధాంతం నిజమే అయి ఉన్నా, ఆమె చెప్పబోయిన మాటను ఆపే అధికారం అది నాకు ఇచ్చేది కాదు.

ఎన్.ఎల్.పి. పుట్టుకలో మెచ్చుకోదగిన ఒక కోరిక ఉంది: ఎదుటివారి లోకాన్ని వారి మాటల ద్వారానే అందుకోవాలన్నది. ఆ కోరికకు పట్టిక అడ్డువచ్చింది. ఇప్పుడు క్షేత్రానికి వెళ్లేటప్పుడు వక్త పేరు, ఊరు, పని, తేదీ మాత్రమే నోటు పుస్తకంలో రాసుకొంటున్నాను. వర్గం కోసం గీసుకొన్న నిలువు వరుసను తీసివేశాను. ఆ స్థానంలో వక్త తనంతట తాను ఎత్తుకొన్న విషయాలు, నేను మధ్యలో మాట మళ్లించిన చోట్లు రాస్తున్నాను. ఆ రెండో వరుస ఖాళీగా ఉన్న రోజు ఇంకా రాలేదు.